నిమ్మసోడా నోటుబుక్కు

తెనాలి యార్డులో నిమ్మకాయల బస్తాలు దించాక, పాట మొదలయ్యేలోగా నాన్న నన్ను పక్క సందులోని సోడా కొట్టుకి తీసుకెళ్ళేవాడు. కొట్టతను ముందు గ్లాసులో నిమ్మచెక్క పిండేవాడు. తర్వాత ఉప్పో, పంచదార పాకమో వేసి చెంచాతో గిరగిరా తిప్పేవాడు. ఆ తర్వాతే గోళీసోడా అందుకునేవాడు. బొటనవేలితో గోళీని నొక్కితే కుయ్‌మని ఒక కూత. గ్లాసు కాస్త వంచి, అంచు వెంబడి సోడాని జారవిడిచేవాడు. ఎప్పుడూ ఇదే వరస.

"సోడా ముందు పోసి ఉప్పు తర్వాత వెయ్యి బాబాయ్" అన్నాను ఒకరోజు, పొంగితే చూద్దామని.

"పొంగిపోతే ఇంక నీళ్ళే మిగుల్తాయమ్మా. నీ అర్ధరూపాయి నేలపాలవుద్ది" అన్నాడు, చెయ్యి ఆపకుండా.

ఆ మాట నాకు నలభై ఏళ్ళ తర్వాత హైదరాబాదులో, మా వంటింటి గట్టు మీద నురగ తుడుస్తున్నప్పుడు అర్థమైంది.

ఈ పుస్తకంలో ఇంతవరకూ అలవాట్ల గురించి, వాయిదాల గురించి మాట్లాడుకున్నాం. ఈ అధ్యాయం కొత్తపని నేర్చుకోవడం గురించి. నేను నేర్చుకోవాలని మొదలెట్టి వదిలేసినవి చాలా ఉన్నాయి. వీణ, కుట్టుమిషను, ఒకసారి స్పానిష్ కూడా. బద్ధకం వల్ల వదిలేశానని చాలాకాలం అనుకున్నాను. అదొక్కటే కాదు. ఎక్కడ తప్పు చేస్తున్నానో నాకు తెలిసేది కాదు. వీణ మీద నెల రోజులు కష్టపడ్డాక కూడా వేలు తప్పా, చెవి తప్పా, తీగ తప్పా చెప్పలేని పరిస్థితి. ఎక్కడ చెడిందో తెలియకపోతే ఎవరికైనా ఉత్సాహం చచ్చిపోతుంది. నిమ్మసోడాలో ఆ బాధ లేదు. చెడితే పోయేది ఒక నిమ్మకాయ, రెండు చెంచాల పంచదార. తప్పు సంగతి ఐదు నిమిషాల్లో నాలుకే చెబుతుంది. నేర్చుకోవడం ఎలాగో నేర్చుకోవడానికి ఇంత చవకైన బడి నాకు ఇంకోటి దొరకలేదు.

నా మొదటి గ్లాసు చరిత్ర వినండి. ఒక వేసవిలో, ఇంట్లో కొన్న కూల్‌డ్రింకు సీసా కనబడకూడదని పట్టుబట్టాను. నిమ్మరసం, పంచదార, నీళ్ళు కలిపి, అందులో అర చెంచా తినేసోడా వేశాను. బుస్సుమని పొంగింది, బ్రహ్మాండంగా ఉంది చూడ్డానికి. అత్తయ్యకి ఇచ్చాను.

"ఇదేంటమ్మాయ్, ఈనో కలిపావా? నాకు అజీర్తి లేదే!" అన్నారు.

మర్నాడు పంచదార పెంచాను, తినేసోడా తగ్గించాను, ఇంకో నిమ్మకాయ పిండాను. బాగానే కుదిరింది. మూడోరోజు అవే మూడు మార్పులు ఇంకాస్త ఎక్కువ చేశాను, పరమ దరిద్రంగా వచ్చింది. రెండోరోజు ఎందుకు కుదిరిందో, మూడోరోజు ఎందుకు చెడిందో నాకు తెలిస్తే ఒట్టు. మూడు మీటలూ ఒకేసారి తిప్పి, ఏ దీపం ఏ మీటతో వెలిగిందని అడిగితే ఎవరు చెబుతారు? ఆ సాయంత్రమే మావాడి పాత లెక్కల నోటుబుక్కులో మిగిలిన కాగితాలు చింపి కుట్టుకున్నాను. పైన ఒక్క ముక్క రాసుకున్నాను: రోజుకి ఒక్కటే మార్చాలి.

ఒక్కటే మార్చాలంటే అసలు అందులో ఏమేం ఉన్నాయో విడదీయాలి. గ్లాసులో ఉన్నది పులుపు, తీపి, వాసన, ఉప్పు, గ్యాసు. వీటన్నిటి మీదా పెత్తనం చేసేది చల్లదనం.

వాసన గురించి ముందు చెబుతాను, ఎందుకంటే ఎక్కువమంది పారేసేది దాన్నే. నిమ్మకాయ వాసన రసంలో ఉంటుందనుకుంటాం. రసంలో ఉన్నది చాలావరకు పులుపే. మనం నిమ్మవాసన అనుకునేది తొక్కలోని సన్నటి నూనె బొట్లది. నమ్మకం లేకపోతే రాత్రి కరెంటు పోయినప్పుడు చూడండి. నిమ్మతొక్క ముక్కని కొవ్వొత్తి మంటకి దగ్గరగా పట్టుకుని, పచ్చవైపు మంటకేసి పెట్టి మడతపెట్టి నొక్కండి. చిటపటమంటూ చిన్న మెరుపులు ఎగురుతాయి. అది లిమోనీన్ అనే నూనె. రసం పిండుకుని తొక్కని చెత్తబుట్టలో వేసే ఇంట్లో నిమ్మసోడా ఎన్నిసార్లు చేసినా పులుసునీళ్ళలాగే ఉంటుంది.

ఆ నూనెని పట్టుకోవడానికి పంచదార చాలు. తురుముపీటకి సన్నకళ్ళ వైపు కాయని ఆనించి, ఒకచోట ఒకటి రెండుసార్లకి మించి రాయకుండా తిప్పుతూ పోవాలి. ఆకుపచ్చ పోయి తెలుపు కనబడగానే ఆపెయ్యాలి. ఆ తెల్లటి పొరలో ఉన్నదంతా చేదే. నా లెక్క ఆరు కాయల తొక్క తురుము, 250 గ్రాముల పంచదార. ఆరే ఎందుకో కాసేపట్లో తెలుస్తుంది. రెండింటినీ స్టీలు గిన్నెలో వేసి, తలకి నూనె మర్దించినట్టు వేళ్ళతో నలపాలి. రెండు నిమిషాలకే పంచదార తడిసిన ఇసుకలా ముద్దకడుతుంది, లేతాకుపచ్చ రంగు తిరుగుతుంది. మూతపెట్టి రెండు మూడు గంటలు వదిలేయండి. మూత తీసేసరికి వంటిల్లంతా మా తోటలో కాయలు కోసే రోజులా ఉంటుంది.

తర్వాత 150 మిల్లీలీటర్ల వేడినీళ్ళు పోసి పంచదార కరిగేదాకా కలపాలి. పూర్తిగా చల్లారాక వడకట్టి, అప్పుడు 150 మిల్లీలీటర్ల నిమ్మరసం కలపాలి. రసాన్ని పొయ్యి మీద పెట్టొద్దు, ఉడికిన వాసన వస్తుంది. ఇత్తడి, రాగి, అల్యూమినియం గిన్నెలు దీనికి పనికిరావు, పులుపు లోహాన్ని తినేస్తుంది. స్టీలో గాజో వాడండి. తడిలేని గాజుసీసాలో పోసి ఫ్రిజ్‌లో పెడితే పాకం వారం, పది రోజులు ఉంటుంది. మొదటి మూడు రోజుల వాసన మాత్రం పదో రోజున ఉండదు.

రసాన్ని కాయల లెక్కన కాక మిల్లీలీటర్లలో చెప్పాను, గమనించారా? వంట పుస్తకాల్లో "నిమ్మకాయలు 8" అని చూస్తే నాకు ఒళ్ళు మండుతుంది. ఏ నెల కాయలు? వానాకాలంలో కాయ ముట్టుకుంటే చితికేటట్టు ఉంటుంది, ఏడు కాయలకే గిన్నె నిండుతుంది. ఏప్రిల్లో కాయ గోళీకాయంత, ధర ఆకాశమంత, పన్నెండు పిండినా అరకొరే. మా నాన్న ఏడాదంతా ఈ తిరకాసుతోనే బతికాడు. చెట్టు నిండా కాయ ఉన్నప్పుడు యార్డులో అడిగేవాడుండడు, యార్డులో బంగారం పలికినప్పుడు చెట్టుమీద కాయ ఉండదు. పులుపు కూడా కాయకీ కాయకీ మారుతుంది. అందుకే కొలత మొదటి గ్లాసు దాకే. రెండో గ్లాసు నుంచి మీ నాలుక పని మొదలవుతుంది.

పిండేముందు కాయని గట్టు మీద పెట్టి అరచేత్తో అదిమి దొర్లించండి, రసం బాగా దిగుతుంది. గింజలు నలగనివ్వకండి, చేదు. ఇంకో సంగతి చాలామందికి తెలియదు. నిమ్మకాయలు పిండిన చేతుల్ని సబ్బుతో కడుక్కోకుండా ఎండలోకి వెళ్ళొద్దు. తొక్కలోని కొన్ని పదార్థాలు చర్మం మీద ఉండగా ఎండ తగిలితే ఒకటి రెండు రోజుల్లో ఎర్రగా కమిలి బొబ్బలెక్కుతుంది, ఆ మచ్చ వారాల తరబడి పోదు. కాయలు కోసే రోజుల్లో మా అమ్మ ముంజేతుల మీద ఆ మచ్చలు ఉండేవి. ఎండ దెబ్బ అనుకునేవాళ్ళం.

ఇక గ్లాసు లెక్క. పాకం రెండు పెద్ద చెంచాలు, అంటే 30 మిల్లీలీటర్లు. చల్లటి ఉత్తసోడా 200. ఈ గ్లాసులో పంచదార 16, 17 గ్రాములుంటుంది, దాదాపు నాలుగు చిన్న చెంచాలు. మామూలు కోలా అయితే ఇంతే గ్లాసులో 24 గ్రాముల దాకా ఉంటుంది. కాబట్టి మనది కొంచెం నయం, అంతే. ఇంట్లో చేశాం కదా అని ఆరోగ్య పానీయం అని పేరు పెట్టి రోజుకి నాలుగు గ్లాసులు తాగేవాళ్ళని చూశాను. వాళ్ళకి ఈ అధ్యాయం పనికిరాదు.

పాకం ముందు, సోడా తర్వాత. గ్లాసు వంచి, అంచు వెంబడి. చెంచాతో ఒక్కసారి అడుగు నుంచి పైకి లేపండి, చాలు. సోడాలో పంచదారో ఉప్పో పలుకులుగా వేస్తే ప్రతి పలుకు గరుకు అంచు మీదా గ్యాసు పోగై బుడగ కడుతుంది. వేల బుడగలు ఒక్కసారి లేచేసరికి మీరు దాచుకున్నదంతా పది సెకన్లలో గాలిలో కలిసిపోతుంది. ఉప్పు కూడా పాకంలోనే ముందుగా కరిగిపోవాలి. సోడా కొట్టు బాబాయ్ ఒక్క పుస్తకం చదవకుండా చేసిన పని ఇదే.

గ్యాసు ఎక్కడినుంచి తేవాలి?

నాలుగు దారులున్నాయి. నాలుగూ తొక్కి చూశాను.

మొదటిది ఉత్తసోడా సీసా కొనుక్కోవడం. "అంతా ఇంట్లోనే" అని శపథం పట్టినవాళ్ళకి ఇది మోసంలా అనిపించొచ్చు. నా మాట వినండి, మొదటి రెండు వారాలు ఇదే చేయండి. గ్యాసు స్థిరంగా ఉంటే పాకం సంగతి తేల్చుకోవచ్చు. రెండూ ఒకేసారి నేర్చుకోబోతే మళ్ళీ మూడు మీటల కథే.

రెండోది తినేసోడా, నిమ్మఉప్పు. పులుపూ సోడా కలిస్తే కార్బన్ డయాక్సైడ్ పుడుతుంది. ఆ గ్యాసు మూతలేని గ్లాసులో నిలవదు. మిగిలేది ఉప్పదనం, సోడా కాస్త ఎక్కువైతే సబ్బు రుచి. ఇంకో లెక్క కూడా ఉంది. తినేసోడా బరువులో 27 శాతం సోడియమే. గ్లాసులో పావు చెంచా వేస్తే 300 మిల్లీగ్రాముల పైన సోడియం దిగుతుంది. పెద్దవాళ్ళకి రోజు మొత్తానికి 2000 మిల్లీగ్రాములు దాటకూడదని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతుంది. బీపీ ఉన్న మా అత్తయ్యకి ఆ మొదటిరోజు నేను అర చెంచా వేసిచ్చాను. తలుచుకుంటే ఇప్పటికీ సిగ్గేస్తుంది.

మూడోది ఈస్ట్. గ్యాసు కూడా మన చేతి కిందే పుట్టే దారి ఇది, సరదా కూడా ఇందులోనే ఎక్కువ. ప్రమాదమూ ఇందులోనే ఉంది కాబట్టి కాస్త నిదానంగా చదవండి. లీటరు ప్లాస్టిక్ సీసా తీసుకోవాలి. ఏదో ఒక సీసా కాదు, అంతకుముందు సోడానో కూల్‌డ్రింకో ఉన్న సీసా. అవి ఒత్తిడికి తట్టుకునేలా చేసినవి, మంచినీళ్ళ సీసాలు అలా కాదు. కాచి చల్లార్చిన నీళ్ళు 750 మిల్లీలీటర్లు, పాకం 130 మిల్లీలీటర్లు పోయాలి. బ్రెడ్డుకి వాడే పొడి ఈస్ట్ ఒక్క చిటికెడు గోరువెచ్చటి నీళ్ళలో నానబెట్టి కలపాలి. పైన నాలుగు వేళ్ళ ఖాళీ వదిలి మూత బిగించండి. ఈస్ట్ పంచదార తిని గ్యాసు వదులుతుంది, మూత ఉంది కాబట్టి ఆ గ్యాసు నీళ్ళలోకే దిగుతుంది.

ఎన్ని గంటలని అడగకండి, మీ వంటింటి వేడిని బట్టి ఉంటుంది. మేనెలలో నాకు 12 గంటలకే అయిపోయింది, డిసెంబరులో ఒకటిన్నర రోజు పట్టింది. గడియారం కాదు, బొటనవేలు చెప్పాలి. పక్కన ఒక తెరవని సోడా సీసా పెట్టుకుని, దాన్నీ దీన్నీ నొక్కి చూస్తుండండి. రెండూ ఒకేలా రాయిలా ఉంటే అయిపోయినట్టే. వెంటనే ఫ్రిజ్‌లో పడెయ్యాలి. చలికి ఈస్ట్ దాదాపు నిద్రపోతుంది. రాత్రంతా ఉంచి, పొద్దున మూత కొంచెం కొంచెంగా తిప్పుతూ తీయండి. మూడు నాలుగు రోజుల్లో తాగెయ్యాలి. అడుగున తెల్లటి మడ్డి ఉంటుంది, కదపకుండా వంచుకోండి. బ్రెడ్డు వాసన లీలగా వస్తుంది. కొందరికి నచ్చుతుంది, మావాడికి నచ్చలేదు. ఈస్ట్ గ్యాసుతో పాటు ఆల్కహాలు కూడా చేస్తుంది. కొద్దిగానే, అర శాతం, అటూ ఇటూ. బయట ఎక్కువసేపు ఉంచితే పెరుగుతుంది కూడా. మతరీత్యా గానీ మందుల వల్ల గానీ అసలు ముట్టనివాళ్ళకీ, పిల్లలకీ ఈ దారి వద్దు.

గాజుసీసా మాత్రం వద్దు. అందంగా ఉంటుందని నేనొక పాత స్క్వాష్ సీసాలో పోసి, అలమరలో పెట్టి, మరిచిపోయి రెండు రోజుల పెళ్ళికి వెళ్ళాను. తిరిగొచ్చి తలుపు తీస్తే గుమ్మం నుంచి వంటింటి దాకా చీమల బారు. అలమర తలుపుకి లోపలివైపు గాజుపెంకులు గుచ్చుకుని ఉన్నాయి, మేకులు కొట్టినట్టు. పై అరలోని పోపుల డబ్బా సొట్టపడింది. ఆ సమయంలో అక్కడ మావాడు బిస్కెట్ల కోసం చెయ్యి పెట్టి ఉంటే? ఇప్పుడు ప్లాస్టిక్ సీసా అయినా సరే, మూతున్న స్టీలు బిందెలో పెట్టి ఉంచుతాను.

గోళీసోడా సీసా గాజుదే కదా అంటారేమో. అది వేరే జాతి. 1872లో హైరమ్ కాడ్ అనే ఇంగ్లీషు ఇంజినీరు పేటెంటు తీసుకున్న సీసా అది. దళసరి గాజు, మెడలో నొక్కు, మూతి దగ్గర రబ్బరు రింగు. సీసాని తలకిందులుగా పెట్టి గ్యాసు ఎక్కిస్తారు. గోళీ జారి మూతి దగ్గరికి వస్తుంది, లోపలి ఒత్తిడే దాన్ని రబ్బరుకి అదిమి పడుతుంది. ఎంత గ్యాసుంటే అంత గట్టి బిరడా. దాన్ని మించిన మూత నాకు తెలియదు. కానీ దానికి సిలిండరు, ఇనుప చట్రం కావాలి, అది కొట్టువాళ్ళ పని. ఇంట్లో దొరికిన సెలైన్ గొట్టాలు, సైకిల్ వాల్వులు బిగించి గ్యాసు ఎక్కించే ప్రయోగాలు చేయకండి. డ్రై ఐస్ ముక్క సీసాలో వేసి మూత బిగించడమైతే బాంబు చేసినట్టే.

నాలుగోది గ్యాసు మిషను. చిన్న సిలిండరు, ఒక మీట, అంతే. ఖర్చు ముందే పడుతుంది, ఆ తర్వాత హాయి. ఒక్కటే నియమం: ఉత్త నీళ్ళకే గ్యాసు ఎక్కించాలి. పాకం కలిపిన నీళ్ళకి ఎక్కిస్తే నురగ ఎగజిమ్మి మిషను ముక్కులోకి పోతుంది. ఈ అధ్యాయం మొదట్లో నేను తుడిచిన గట్టు అలా తయారైందే.

దారి ఏదైనా చల్లదనం తప్పదు. మామూలు గాలి ఒత్తిడి దగ్గర లీటరు నీళ్ళలో ఎంత కార్బన్ డయాక్సైడ్ కరుగుతుందో చూడండి. మంచు కరిగే చలిలో 3.3 గ్రాములు. 20 డిగ్రీల దగ్గర 1.7. వేసవిలో మన బిందె నీళ్ళు 30 డిగ్రీలుంటాయి, వాటిలో 1.25 మాత్రమే. అంటే వెచ్చటి నీళ్ళకి గ్యాసు ఎక్కించడం చిల్లికుండలో నీళ్ళు పోయడమే. ఐసుముక్కలు వేస్తే సరిపోదా? ఐసు పలుకుల మీద కూడా బుడగలు లేస్తాయి, పైగా కరిగి పలచన చేస్తాయి. నీళ్ళు, పాకం, గ్లాసు మూడూ ముందే చల్లబడి ఉండాలి. నేను గ్లాసుల్ని కూడా ఫ్రిజ్‌లో పెడతాను. మా ఆయన నవ్వుతారు, తాగేటప్పుడు మాత్రం ఆ గ్లాసే అడుగుతారు.

సోడా నాలుకని చురుక్కుమనిపించేది బుడగలు పగలడం వల్లే అనుకునేదాన్ని. అసలు సంగతి వేరే. పులుపుని పట్టే నాలుక కణాల మీదున్న ఒక ఎంజైము ఈ గ్యాసుని అక్కడికక్కడే ఆమ్లంగా మారుస్తుందని 2009లో శాస్త్రజ్ఞులు తేల్చారు. కొండలెక్కేవాళ్ళు ఎత్తు పడక డయామాక్స్ మాత్ర వేసుకుంటే వాళ్ళకి సోడా చప్పగా ఉంటుందట, ఆ మాత్ర ఆపేది సరిగ్గా ఆ ఎంజైమునే. మనకి దీంతో పనేంటంటే, గ్యాసు కూడా ఒక పులుపే. మామూలు నీళ్ళలో కలిపి సరిపోయిందనుకున్న పాకం సోడాలో ఒక మెట్టు పుల్లగా తేలుతుంది. రుచి చూడాలంటే సోడాతోనే చూడండి.

నోటుబుక్కులో ఒక పేజీ

ఇది నా రెండో వారం. ఉన్నదున్నట్టు ఇస్తున్నాను.

ఏప్రిల్ 9. పాకం 30, సోడా 200. సోడా ఫ్రిజ్‌లో రెండు గంటలే. సగం తాగేసరికి గ్యాసు లేదు.
ఏప్రిల్ 10. అంతా అదే. సోడా రాత్రంతా ఫ్రిజ్‌లో. చివరి గుక్క దాకా ఉంది. చివర్లో చిరుచేదు.
ఏప్రిల్ 11. అదే. పాకంలో గ్లాసుకి చిటికెడు ఉప్పు. చేదు తెలియట్లేదు. వాడు ఇంకోటి అడిగాడు.
ఏప్రిల్ 12. ఉప్పు రెండు చిటికెలు. అత్తయ్య ఒక గుక్క తాగి గ్లాసు పక్కన పెట్టేశారు.
ఏప్రిల్ 14. ఉప్పు మళ్ళీ ఒకటి. తొక్క నాలుగు కాయలది కాదు, పది కాయలది. తల తిరిగే ఘాటు. ఫ్లోర్ క్లీనర్ తాగినట్టుంది.
ఏప్రిల్ 16. తొక్క ఆరు కాయలది. ఇదీ.

ఆరు ఎందుకో ఇప్పుడు తెలిసింది కదా. అది ఏ పుస్తకంలోనూ లేదు. మీ కాయలకి, మీ తురుముపీటకి అది ఐదు కావచ్చు, ఎనిమిది కావచ్చు. చేదు మీద ఉప్పు పనిచేస్తుందని నేనెక్కడో చదివే ఉంటాను, కానీ 11వ తారీకున నా నాలుక మీద జరిగాకే అది నాకు తెలిసిన విషయమైంది.

రాసేటప్పుడు "బాగుంది", "బాగాలేదు" అని రాయకండి. రెండు నెలల తర్వాత ఆ ముక్క మీకేమీ చెప్పదు. ఎక్కడ బాగాలేదు? మొదటి గుక్కలోనా, గొంతు దిగాకా? పులుపు ముందొచ్చిందా, తీపా? ఇంట్లోవాళ్ళ మొహాలు కూడా రాసుకోండి, మాటలకంటే అవి నిజం చెబుతాయి. పాత గ్లాసూ కొత్త గ్లాసూ పక్కపక్కన పెట్టి, ఏది ఏదో చెప్పకుండా తాగించండి. నేను గొప్పగా చేశాననుకున్న మూడు రకాలు ఇలా ఓడిపోయాయి. ఒకటైతే, నేను కళ్ళు మూసుకుని తాగి నేనే ఓడించాను.

ఇంట్లోవాళ్ళ ఉత్సాహంతో కొంచెం జాగ్రత్త. ఒక ఆదివారం నేను గజనిమ్మతో ప్రయత్నిస్తుంటే, ఆయన సాయం చేద్దామని పంచదార బదులు బెల్లం వేసేశారు. రంగు కషాయంలా వచ్చింది, రుచి మాత్రం అద్భుతం. గజనిమ్మ వల్లా, బెల్లం వల్లా? ఇప్పటికీ ఆ వాదన తెగలేదు. ఆ పేజీ మీద పెద్ద గుణకారం గుర్తు పెట్టాను.

నిమ్మ కుదిరాక మిగతా కాయల్లోకి వెళ్ళండి, అప్పటిదాకా వద్దు. బత్తాయి సోడాకి కష్టమైన కాయ. పులుపు తక్కువ, అందుకే గ్యాసు పక్కన చప్పబడిపోతుంది. పైగా రసం తీసి పక్కన పెడితే గంటలోపే చేదెక్కుతుంది, బత్తాయి రసం బండి దగ్గర నిలబడి తాగినవాళ్ళందరికీ తెలిసిందే. కాయలో ఉన్నప్పుడు చేదు లేని ఒక పదార్థం, రసం పులుపుతో కలిసి నిలవుంటే లిమోనిన్ అనే చేదుగా మారడం వల్ల అలా అవుతుంది. కాబట్టి బత్తాయి తొక్కని పాకానికి వాడుకోండి, రసాన్ని తాగేముందే పిండుకోండి, పులుపుకి నిమ్మరసం తోడివ్వండి. కమలాపండు తొక్క వాసనకి తిరుగులేదు. దబ్బకాయ పులిహోరకే కాదు, దీనికీ పనికొస్తుంది. దాని తొక్క బాగా దళసరి కాబట్టి పైపైన పచ్చదనం గీకడం తేలిక, తెల్లభాగం మాత్రం దరిదాపుల్లోకి రానివ్వకండి. నారింజ చేదు కొందరికి పిచ్చి ఇష్టం. నాకు ఆ పిచ్చి ఆలస్యంగా పట్టింది.

రాయలసీమవాళ్ళు ఇదంతా చదివి నవ్వుకుంటుంటారు. వాళ్ళకి నన్నారి ఉంది. సుగంధిపాల వేర్ల పాకం, నిమ్మచెక్క, సోడా. మట్టివాసనా పూలవాసనా కలిసిన ఆ రుచి ముందు నా ఆరు కాయల తొక్క లెక్కలు చిన్నబోతాయి. కడప బంధువులు పోయిన వేసవిలో ఒక సీసా తెచ్చిచ్చారు. ఒక్కటే మార్చాలి కాబట్టి పాకం 30కి బదులు నిమ్మపాకం 20, నన్నారి 10 పోశాను. అది ఒకటి మార్చడమా రెండు మార్చడమా అని మావాడు లాయరులా వాదించాడు. వాడన్నదీ నిజమే.

మీ నోటుబుక్కుకి ఈ వారం పని: ఉత్తసోడా సీసాలు రెండు, ఒక విడత పాకం, ఐదు గ్లాసులు, ఐదు వరసలు. మొదటి గ్లాసు నేను చెప్పిన కొలతతో. మిగతా నాలుగింటిలో ఏం మార్చాలో నేను చెప్పను, ముందటి వరస చదివితే అదే చెబుతుంది. సీసా మూతలు వేడినీళ్ళతో కడిగి ఆరబెట్టడం మరవకండి, పాకం చెడేది ఎక్కువగా మూత దగ్గరే.

మా నోటుబుక్కు ఇప్పుడు మూడోది. అందులో పదమూడో పేజీ నా రాత కాదు. నేను ఊళ్ళో లేని రోజు అత్తయ్య ఇద్దరు చుట్టాలకి తానే కలిపిచ్చి, తారీకు వేసి మరీ రాసిపెట్టారు: "పాకం రెండు గరిటెలు. పెద్ద గరిటె కాదు, నెయ్యి గరిటె. ఉప్పు వాళ్ళకి వేశాను. నాకు వేసుకోలేదు. బాగుంది అన్నారు గానీ ఒకాయన సగం వదిలేశాడు."